పొరుగింటికి వెళ్ళే గిన్నె
(ఉగాది సభలో చేసిన ప్రసంగ పాఠం)



ఈ వేదిక మీద ఏటేటా పెద్దలూ, పండితులూ మాట్లాడుతూ వచ్చారు. నేను రైల్వే ఆఫీసులో గుమాస్తాను. మెట్రిక్యులేషనుతో చదువు ఆపినవాణ్ణి. భాషను గురించి చెప్పే అర్హత నాకు లేదు; దేశాన్ని గురించి చెప్పే ధైర్యమూ లేదు. అందుచేత ఒక వంటను గురించి చెబుతాను. ఇదైనా నేను కోరి ఎన్నుకున్న విషయం కాదు. 2024 కార్తీకంలో మన వనభోజనాలకు ఇంటికొక వంటకం తేవాలని నియమం పెట్టుకున్నాం గదా! పులిహోర, దప్పళం, గారెలు, బొబ్బట్లు వరుసగా పెట్టిన చోట చివరన నేనొక గాజు పాత్ర పెట్టాను. పైన ఎర్రగా వేగిన పొర. లోపల ఏమున్నదో కనబడదు. మొదట దాని జోలికి ఎవ్వరూ పోలేదు. ఒకరు రొట్టె అనుకున్నారు, మరొకరు కేకు అనుకున్నారు. చివరికి ఒక చిన్నపిల్ల ధైర్యం చేసి చెంచాడు తిన్నది; తిని, మళ్ళీ వచ్చి నిలుచున్నది. పావుగంటలో పాత్ర అడుగు కనబడింది. ఆ పైన ఆడవారు చేసే విధానం అడగడం, నేను హడావిడిలో సగం చెప్పి సగం మరచిపోవడం, "ఇదంతా ఉగాది సభలో నిదానంగా చెప్పండి" అని కార్యదర్శిగారు ఆజ్ఞాపించడం జరిగాయి. ఇక కాదనడానికి వీలు లేకపోయింది.

ఆ వంటకం పేరు స్క్వాష్ క్యాసరోల్. అమెరికా దేశపు దక్షిణ రాష్ట్రాల వంట. జార్జియా, అలబామా, టెనెస్సీ, కరోలినాలు, ఆ ప్రాంతాల ఇళ్ళలో అతి సాధారణమైనది.

స్క్వాష్ అంటే మనకు తెలిసినది సీసాలో అమ్మే నారింజ పానీయం. క్యాసరోల్ అంటే చపాతీలు వేడిగా దాచుకునే డబ్బా. 2014లో మా అక్కయ్య జార్జియా నుండి ఫోను చేసి, "ఈ పూట స్క్వాష్ క్యాసరోల్ తిన్నానమ్మా" అంటే మా అమ్మ నిజంగా కంగారు పడింది. "పచ్చి బాలింతరాలివి! చపాతీ డబ్బాలో పానకం పోసుకొని తాగడమేమిటే?" అన్నది. మేమందరం నవ్వాము. ఆ నవ్వు వెనుక ఉన్న సంగతి నాకు తొమ్మిదేళ్ళ తర్వాత గాని తెలియలేదు. దానిని తరువాత మనవి చేస్తాను.

ముందు ఆ పేర్ల సంగతి. స్క్వాష్ అంటే అక్కడివారి భాషలో గుమ్మడి జాతి కాయ. అందులో వేసవి కాయలని ఒక తెగ ఉన్నది. తోలు గోటికి దిగేంత లేతగా ఉన్నప్పుడే కోసి, తోలూ గింజలతో సహా వండుతారు. దక్షిణ రాష్ట్రాలలో ఈ వంటకు వాడేది పసుపు పచ్చని కాయ. మెడ కొంచెం వంకర తిరిగి ఉంటుంది. ఈ స్క్వాష్ అనే మాట ఇంగ్లీషువారిది కాదు. తూర్పు అమెరికాలో ఇప్పటి రోడ్ ఐలండ్ ప్రాంతంలో నివసించిన నరగాన్సెట్ అనే ఆదివాసుల మాటను ఇంగ్లీషువారు సగానికి విరిచి వాడుకున్నారు. ఆ ఆదివాసులు మొక్కజొన్న, చిక్కుడు జాతి గింజలు, గుమ్మడి, మూడింటినీ ఒకే మడిలో వేసేవారు. జొన్న కర్రకు చిక్కుడు పాకుతుంది, గుమ్మడి ఆకు నేలను కప్పి తేమను కాపాడుతుంది. వాటికి ముగ్గురు అక్కచెల్లెళ్ళని పేరు.

ఇక్కడ మనం గుర్తుంచుకోవలసినది ఒకటి ఉన్నది. దిష్టికి కట్టే బూడిద గుమ్మడి మన ఆసియా ఖండానిదే. కాని సంక్రాంతి పులుసులో వేసే తీపి గుమ్మడి అమెరికా కాయ. మెక్సికోలో సుమారు 10,000 సంవత్సరాల క్రితమే ఆ జాతిని సాగు చేశారని గుహలలో దొరికిన గింజల వల్ల తెలిసింది. 1492లో కొలంబసు ఆ ఖండానికి చేరిన తర్వాతే అది సముద్రం దాటి మన వైపు వచ్చింది. పరాయి కాయ వచ్చి మన పులుసులో కూర్చున్నది. ఒడియా వారి డాల్మాలోనూ కూర్చున్నది. దాని ఊరేదని ఈనాడు ఎవరూ అడగరు. పొట్టకూటికి ఊరు మారి వచ్చిన మనబోటి వారికి ఇది కొంత ధైర్యం చెప్పే కథ.

క్యాసరోల్ అన్నది ఫ్రెంచి మాట. వండే పాత్ర పేరు. పొయ్యి మీద గాక ఓవెనులో పెట్టి కాల్చి, అదే పాత్రతో తెచ్చి వడ్డించే ఏ వంటకైనా అమెరికాలో ఆ పేరే పెట్టారు. స్క్వాష్ క్యాసరోల్‌లో ఉడికిన కాయ ముక్కలు, ఉల్లిపాయ, చీజు, వాటిని కలిపి పట్టుకోవడానికి కోడిగ్రుడ్డు గాని, పాల సాసు గాని, పైన నలిపిన ఉప్పు బిస్కత్తుల పొర, ఇవే ఉంటాయి. నవంబరు నాలుగవ గురువారం వచ్చే థాంక్స్‌గివింగ్ పండుగ భోజనంలోనూ, చర్చి వారి సామూహిక భోజనాలలోనూ తరచు కనబడుతుంది. బిడ్డ పుట్టిన ఇంటికీ, మనిషి పోయిన ఇంటికీ పొరుగువారు ఇటువంటి క్యాసరోళ్ళనే మోసుకు వెళతారు. ఒకే పాత్ర, పట్టుకు పోవడానికి అనువు, చల్లారితే మళ్ళీ వేడి చేసుకోవచ్చు, పదిమందికి సరిపోతుంది. నడి వేసవిలో రెండు పాదులు కాస్తే ఒక్క ఇల్లు తినలేదు. మన ఇంటి కప్పు మీద గుమ్మడి పాదు కాసినప్పుడు వీధి అంతా పంచడం లేదా? ఇదీ అంతే.

అక్కయ్యకు 2014లో కొడుకు పుట్టాడు. కాన్పుకు అమ్మ వెళ్ళాలి. అప్పటికి నాన్నగారు పక్షవాతంతో మంచం మీద ఉన్నారు. అమ్మ కదలలేకపోయింది. బావగారు ఉద్యోగానికి పోతే పగలంతా అక్కయ్య, పసిగుడ్డు, నాలుగు గోడలు. మూడవనాడు ప్రక్క ఇంటి ముసలావిడ తలుపు తట్టింది. లోపలికి రాకుండానే, "నీవు తినని పదార్థాలేవి?" అని అడిగింది. మాంసం, గ్రుడ్డు తినమని అక్కయ్య చెప్పింది. సాయంత్రానికి గ్రుడ్డు లేకుండా చేసిన స్క్వాష్ క్యాసరోల్ తెచ్చి, గడపలో పెట్టి వెళ్ళిపోయింది. పాత్ర అడుగున కాగితపు టేపు మీద ఆవిడ పేరు వ్రాసి అంటించి ఉన్నది.

ఆ మాట విని మా అమ్మ, "మనం స్టీలు గిన్నెల మీద పేర్లు చెక్కించినట్టన్నమాట" అన్నది. నిజమే. గిన్నె మీద పేరు ఎందుకు చెక్కిస్తాం? మన ఇంట్లో ఉండే గిన్నెకు పేరు అక్కరలేదు. బయటికి వెళ్ళి తిరిగి రావలసిన గిన్నెకే పేరు కావాలి.

2023 జూన్ నెలలో అక్కయ్య కొడుకును తీసుకొని ఖుర్దా రోడ్డుకు వచ్చింది. మేనల్లుడికి తొమ్మిదేళ్ళు. మన కారం వాడికి పడలేదు. వారం రోజులు పెరుగన్నంతోనే గడిపాడు. వాడికి ఇష్టమైన వంట చేసి ఆశ్చర్యపరుద్దామని, అక్కయ్య పెట్టెలోని కాగితం ఒకటి చూసి, ఒక ఆదివారం నేనే పూనుకున్నాను. ఆ కాగితం జార్జియా ముసలావిడ స్వదస్తూరితో వ్రాసి ఇచ్చినది. నేను చేసిన తప్పులు మూడు. అవి చెబితే విధానం సగం చెప్పినట్టే గనుక దాచకుండా చెబుతాను.

మొదటి తప్పు: కాగితంలో ఓవెను వేడి 350 అని ఉన్నది. మా చిన్న ఓవెను మీటకు 250 కంటే అంకె లేదు. సరే, ఉన్నంతలో చివరికి తిప్పేశాను. అమెరికావారి 350 ఫారన్‌హీటు లెక్క అని నాకు తట్టలేదు. అది మన సెంటిగ్రేడులో 177; అనగా 180 పెడితే చాలు. రోజంతా అంకెలతో బ్రతికే గుమాస్తా చేయవలసిన పొరపాటు కాదు. పై పొర బొగ్గు అయింది.

రెండవ తప్పు: చీజుకు బదులు వీధి చివర దుకాణంలో తాజా చెనా కొన్నాను. ఒడిశాలో చెనాకు లోటేమున్నది? కాని చెనా, పన్నీరు నిమ్మరసం వంటి పులుపుతో విరిచినవి. ఎంత వేడి తగిలినా అవి కరగవు, ముక్కలుగానే ఉంటాయి. చీజు పాలను తోడుపెట్టే రసంతో గడ్డ కట్టించినది. వేడికి కరిగి సాగుతుంది. ఆ సాగడమే ఈ వంటకు ప్రాణం.

మూడవ తప్పు అన్నిటికంటె పెద్దది. కాయ ముక్కలను పచ్చివే పాత్రలో పరచి ఓవెనులో పెట్టాను. ఈ లేత కాయలో నూటికి 94 పాళ్ళు నీరే. కిలో కాయ అంటే తొమ్మిది వందల గ్రాములకు పైబడిన నీరన్నమాట. పైన బొగ్గు, క్రింద చెరువు, మధ్యన తేలే చెనా ముక్కలు! మేనల్లుడు మర్యాదస్తుడు. ఒక చెంచా తిని, "థాంక్యూ మామయ్యా" అని పెరుగన్నం అడిగాడు.

అమ్మ మాత్రం ఆ పాత్ర దగ్గరకే రాలేదు. మర్నాడు అక్కయ్య తానే చేస్తానన్నది, చీజు తెప్పించింది. "ఆ చీజులో దూడ కడుపులోని రసం వేస్తారట. నేను ముట్టను" అన్నది అమ్మ. ఆ మాటలో అబద్ధం లేదు. పూర్వం అలాగే చేసేవారు, ఇప్పటికీ కొన్ని దేశపు చీజులలో వేస్తారు. అయితే దానికి బదులు సూక్ష్మజీవుల నుండి తీసిన రసం వాడే చీజులున్నవి. మన దేశంలో పొట్లం మీద ఆకుపచ్చ చుక్క ఉంటే ఆ జంతువు రసం లేనట్టే. ఆ చుక్క చూపించాము. అమ్మ చూసింది, "సరేలే" అన్నది, అయినా తినలేదు. అక్కయ్య మొగం చిన్నబోయింది.

ఆ రాత్రి అందరూ పడుకున్నాక, వసారాలో కూర్చొని అమ్మ నాతో అన్నది: "చీజు సంగతి కాదురా. ఆ గిన్నె చూస్తే నేను వెళ్ళలేకపోయిన కాన్పు గుర్తొస్తుంది. నేను పెట్టవలసిన అన్నం ఎవరో పెట్టారు." నాకు జవాబు తోచలేదు. చాలాసేపటికి, "నీ బదులు పెట్టింది గదమ్మా, ఆవిడ" అన్నాను. అమ్మ ఏమీ అనకుండా లోపలికి వెళ్ళిపోయింది.

మర్నాడు అక్కయ్య మళ్ళీ కాయ తరుగుతున్నది. అమ్మ వచ్చి తట్టలోకి చూసి, "నీరు పిండకుండా వేస్తారటే ఎవరైనా? బూడిద గుమ్మడి వడియాలకు ఏం చేస్తాం?" అన్నది. మా ఇంట్లో వడియాల ముక్కలకు ఉప్పు రాసి, పంచె గుడ్డలో మూట కట్టి, పైన రోలు పెట్టి రాత్రంతా ఉంచుతారు. తెల్లవారేసరికి నీరంతా కారిపోతుంది. ఆ సంగతి ఈ కాయకు పనికివస్తుందని మాకెవ్వరికీ తట్టలేదు. అమ్మ తట్ట ముందుకు లాక్కొని, ఉప్పు తెమ్మన్నది.

ఆనాడు మా ఇంట కుదిరిన విధానమే ఇప్పుడు చెబుతున్నాను. ఆరుగురికి సరిపోతుంది. కావలసినవారు వ్రాసుకోవచ్చు.

కాయ ఒక కిలో. నగరాలలో పసుపుపచ్చ జుకినీ అమ్ముతారు. అది ఈ తెగదే. దొరకని చోట పెరటి తీపి గుమ్మడి లేత పిందె, అంటే గింజ గట్టిపడనిది, చక్కగా పనికివస్తుంది. లేత సొరకాయతోనూ చేయవచ్చు. ముదిరిన గుమ్మడితో చేస్తే తీపి ఎక్కువవుతుంది. అప్పుడు తోలు తీసి, మిరియాలు పెంచాలి. ఏ కాయైనా సరే, ముందు చిన్న ముక్క నాలుక మీద పెట్టి చూడండి. చేదుగా ఉంటే ఉమ్మివేసి, కాయ మొత్తం పారవేయండి. ఈ జాతి కాయలలో ఆ చేదు విషం, వండినా పోదు.

కాయను చిటికెన వ్రేలి మందంలో సగం ఉండేలా చక్రాలుగా కోసి, ఒక చెంచా ఉప్పు రాసి, గుడ్డలో మూట కట్టి, అరగంట బరువు క్రింద పెట్టండి. వడియాలకు వలె రాత్రంతా అక్కరలేదు. తర్వాత గట్టిగా పిండండి. బాణలిలో రెండు చెంచాల వెన్న వేసి, రెండు ఉల్లిపాయలు సన్నగా తరిగి మగ్గనిచ్చి, అందులో ముక్కలు వేసి, మూత పెట్టకుండా పది పన్నెండు నిమిషాలు వేయించండి. మూత పెడితే ఆవిరి మళ్ళీ నీరై పడుతుంది. గరిటెతో ప్రక్కకు తీస్తే అడుగున నీరు కనబడకూడదు. అదే గుర్తు.

మరో గిన్నెలో రెండు పెద్ద చెంచాల వెన్న కరిగించి, రెండు పెద్ద చెంచాల మైదా వేసి, పచ్చివాసన పోయేదాకా సన్నని సెగ మీద వేపండి, ఎర్రబడనివ్వకండి. ఒక గ్లాసు పాలు, అనగా పావు లీటరు, కొద్దికొద్దిగా పోస్తూ ఉండ కట్టకుండా కలపండి. గరిటె వెనుక పూతలా అంటితే చిక్కబడినట్టు. అప్పుడు దింపి, సెగ మీద గాక క్రింద పెట్టి, 100 గ్రాముల చీజు తురుము కలపండి. మరుగుతున్న దానిలో వేస్తే చీజు విరిగి, నూనె వేరై, పీచు పీచుగా తయారవుతుంది. మిరియాల పొడి అర చెంచా. ఉప్పు మాత్రం వేయకండి. చీజులోనూ, బిస్కత్తులోనూ, కాయ ముక్కకు రాసినదాంట్లోనూ కావలసినంత ఉన్నది. గ్రుడ్డు తినేవారు మైదా సాసుకు బదులు రెండు గ్రుడ్లు గిలకొట్టి, నాలుగు చెంచాల గట్టి పెరుగూ, ఆ చీజు తురుమూ కలిపి చేసుకోవచ్చు. అయితే ముక్కలు చల్లారిన తర్వాతే కలపాలి. వేడి మీద కలిపితే గ్రుడ్డు ఉడికి ముద్దలు కడుతుంది.

ముక్కలూ సాసూ కలిపి, వెన్న రాసిన పాత్రలో పోసి, పైన మరో 50 గ్రాముల చీజు చల్లండి. పది పన్నెండు ఉప్పు బిస్కత్తులు చేతితో నలిపి, ఒక చెంచా కరిగిన వెన్న పట్టించి, పైన పరచండి. పిండిలా నూరవద్దు, పలుకులుగా ఉంటేనే కరకరలాడుతుంది. ముందే కాగిన ఓవెనులో 180 డిగ్రీల సెంటిగ్రేడు దగ్గర ఇరవై అయిదు నుండి ముప్పై నిమిషాలు ఉంచండి. అంచుల వెంట బుడగలు వచ్చి, పై పొర బంగారు రంగు తిరిగితే అయినట్టే. తీసిన వెంటనే కోయకండి. పది నిమిషాలు ఆగితే లోపల గట్టిపడి, ముక్కలుగా లేస్తుంది. గాజు పాత్ర వాడేవారు వేడి పాత్రను తడి గట్టు మీద పెట్టకండి, పగులుతుంది.

ఓవెను లేనివారు నిరాశపడవలసిన పని లేదు. లోపలివన్నీ ముందే ఉడికినవి. ఓవెను చేసేది గట్టిపరచడం, పైన ఎర్రబరచడం, అంతే. మందపాటి పాత బాణలిలో అంగుళం మందాన ఇసుక పోసి, పది నిమిషాలు కాచి, దాని మీద పాత్ర పెట్టి, మూత వేసి, సన్నని మంట మీద నలభై నిమిషాలు ఉంచండి. సెగ అడుగు నుండే వస్తుంది గనుక పై పొర ఎర్రబడదు. అందుకని బిస్కత్తు పలుకులను విడిగా వెన్నలో వేయించి, చివర చల్లుకోండి. పైనా క్రిందా నిప్పులు పెట్టి కాల్చే పద్ధతి అమెరికా పల్లెలలో పూర్వం ఉండేది. ఇనుప పాత్ర మూత మీద నిప్పులు నిలవడానికి అంచు కట్టేవారు. మన ఒడిశాలో చెనా పోడ కాల్చినదీ అలాగే గదా! మన బలంగీర్ లైను మీది నయాగఢ్ ప్రాంతం దానికి పేరు పొందింది. చెనాను సాల ఆకులలో చుట్టి నిప్పుల మధ్య కాల్చేవారు. పాలవిరుగును కాల్చి తినడం ఈ గడ్డకు కొత్త కాదు.

ఆ రోజు పాత్ర ఓవెను లోంచి దింపగానే ఇల్లంతా వెన్న వాసన. మేనల్లుడు ఆడుకుంటున్నవాడల్లా పరుగెత్తుకొచ్చాడు. అమ్మ ఒక చిన్న ముక్క గిన్నెలో వేసుకొని, వంటింట్లోనే నిలబడి తిన్నది. అక్కయ్య గుమ్మంలో నిలబడి చూస్తున్నది. "ఉప్పు ఒక రవ్వ తక్కువైంది" అన్నది అమ్మ. అని, మళ్ళీ వేసుకున్నది.

అక్కయ్య తిరిగి వెళ్ళే రోజున అమ్మ ఒక డబ్బా నిండా సున్నుండలు చుట్టి, పెట్టెలో పెట్టింది. ప్రక్క ఇంటి ముసలావిడకు ఇమ్మన్నది. తొమ్మిదేళ్ళు ఆలస్యమైందని చెప్పమన్నది.

ఇంతటితో కథ అయిపోయిందనుకున్నాను. కాని అక్కయ్య రైలెక్కిన మర్నాడు అమ్మ నన్ను అటక ఎక్కించింది. మూల నుండి ఒక స్టీలు గిన్నె తీయించింది. దాని అంచున చెక్కిన అక్షరాలు తెలుగు కావు, ఒడియావి. చూడగానే నాకు తెలిసింది. 2016లో నాన్నగారు పోయిన రోజున మా ఇంట పొయ్యి వెలగలేదు. ప్రక్క క్వార్టరు ఒడియా కుటుంబం వారు అన్నమూ, గుమ్మడి వేసిన డాల్మా తెచ్చి పెట్టారు. ఇంట్లో పసివాళ్ళు ఆ పూట తిన్నది అదే. ఆ తర్వాత కర్మలు, బంధువులు, కాగితాలు. ఆ గిన్నె కడిగి ఎక్కడో పెట్టాము. వారు పదవీ విరమణ చేసి భువనేశ్వర్ వెళ్ళిపోయారు. ఏడేళ్ళు ఆ గిన్నె మా అటక మీద ఖాళీగా కూర్చున్నది. లోకల్లో వెళితే అరగంట ప్రయాణం; నెలకు నాలుగుసార్లు ఆ ఊరు వెళ్ళే ఉద్యోగం నాది.

జార్జియాలో ఎవరో ముసలావిడ మా అక్కయ్యకు అన్నం పెట్టిందని కథలుగా చెప్పుకుంటూ వచ్చినవాళ్ళం, మాకు అన్నం పెట్టిన గిన్నెను మరచిపోయాము. ఇందులో తప్పు ఎవరిదో వెతకనక్కరలేదు, నాదే.

గిన్నెను ఖాళీగా ఇవ్వకూడదు. అది ఏ పిడీ లేని స్టీలుది గనుక ఓవెనుకు పనికివస్తుంది. వచ్చిన ఆదివారం అమ్మ నీరు పిండింది. నేను సాసు కలిపాను. క్యాసరోల్ ఆ గిన్నెలోనే కాల్చి, గుడ్డ చుట్టి, ఇద్దరమూ రైలెక్కాము. ఆ పెద్దాయన తలుపు తీసి, మమ్మల్ని గుర్తుపట్టక ముందే గిన్నె అంచు మీది అక్షరాలను గుర్తుపట్టాడు. అవి ఆయన తల్లి పేరట. ఆమె అప్పటికి లేదు. ఆ గిన్నె ఎక్కడో పోయిందని ఇంటిల్లిపాదీ అనుకున్నారట. ఆయన దానిని రెండు చేతులతో పట్టుకొని, చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. మా అమ్మ ఒడియా అంతంతమాత్రం, ఆయన తెలుగు అంతకంటె తక్కువ. అయినా ఇద్దరూ సాయంత్రం దాకా నాన్నగారిని గురించి మాట్లాడుకున్నారు.

సోదరీసోదరులారా! బెంగాల్ నాగపూర్ రైల్వే రోజుల నుండి మన తాతలు ఈ లైను వెంట వచ్చి స్థిరపడ్డారు. మనం సంఘం పెట్టుకున్నాం, ఉగాది చేసుకుంటున్నాం, పిల్లలకు అక్షరాలు నేర్పుకుంటున్నాం. మంచిదే. కాని మన ఉగాది పచ్చడి మన గుమ్మాలలోనే తిరుగుతున్నది. కొద్ది రోజుల్లో ఏప్రిల్ నడుమ ఒడియావారికి పణా సంక్రాంతి, వారి సంవత్సరాది. ఆ నాడు వారు మారేడు పండు పానకం చేస్తారు. మనలో ఎంతమందిమి దాని రుచి ఎరుగుదుము? ఎరగకపోవడానికి వారు పెట్టకపోవడం కారణమా, మనం వెళ్ళకపోవడం కారణమా?

అందుచేత నా మనవి ఒకటే. ఈ రాత్రి ఇళ్ళకు వెళ్ళాక అటకలు, అలమరలు ఒక్కసారి చూడండి. మీ పేరు గాని, మీ లిపి గాని కాని గిన్నె ఏదైనా కనబడితే, దానిని నింపి తీసుకువెళ్ళండి. క్యాసరోలే కానక్కరలేదు, పులిహోర చాలు. అటువంటి గిన్నె ఒక్కటీ లేకపోతే, మీ పేరు చెక్కిన గిన్నె ఒకటి బయటికి పంపించండి.

మేము భువనేశ్వర్ నుండి తిరుగు బండి ఎక్కేటప్పుడు ఆ స్టీలు గిన్నె మళ్ళీ అమ్మ ఒళ్ళోనే ఉన్నది. అందులో చెనా పోడ ఉన్నది. అది తిని రెండు వారాలు కాకుండానే, మళ్ళీ ఏమి నింపుదామా అని ఇంట్లో చర్చ మొదలైంది.